కష్టం మనది, లెక్క ఎవరి చేతిలో?

(చంద్రగిరిలో ఉద్యోగులు, కార్మికులు, విద్యార్థులు కలిసి జరుపుకున్న సభలో ఒక విలేకరి చేసిన ప్రసంగ పాఠం)

 

ఈ సభకు పిలిచినవాళ్ళు నన్ను ప్రత్యేక రాష్ట్రం గురించి మాట్లాడమన్నారు. నేను పీఎఫ్ ఖాతాల్లో తప్పుల గురించి మాట్లాడతానన్నాను. ఒక పెద్దాయన, "ఏమప్పా, అది యూనియనోళ్ళ పని గదా? ఉద్యమ సభలో పాస్‌బుక్కు సంగతేంది?" అన్నాడు. న్యాయమైన ప్రశ్నే. జవాబు చెప్పడానికే వచ్చినాను.

మనం నీళ్ళు మావి అంటున్నాం, నిధులు మావి అంటున్నాం, ఉద్యోగాలు మావి అంటున్నాం. మరి మన పేరు మీద, మన జీతంలో నుంచి, ముప్ఫై ఏళ్ళు కోసుకుంటూ పోయిన డబ్బు ఏ పుస్తకంలో ఏ పేరుతో ఉందో చూసుకున్నవాళ్ళు ఈ సభలో ఎంతమంది? చేతులెత్తమని అడగను. ఎత్తితే సిగ్గుపడాల్సింది మనమే.

కాయితం విలువ చంద్రగిరి వాళ్ళకు నేను చెప్పాల్నా? 1639లో మద్రాసు నేల ఇంగ్లీషు కంపెనీకి దక్కింది చంద్రగిరి రాజుల కాలంలోనే. ఆనాడు రాసిచ్చిన కాయితం మీద ఒక మహానగరమే లేచింది. కాయితం ఎవరి దగ్గరుంటే బలం వాళ్ళది. మన పీఎఫ్ కాయితం మన దగ్గర లేదు. కంపెనీ దగ్గరుంది, కాంట్రాక్టరు దగ్గరుంది, ఆఫీసు కంప్యూటర్‌లో ఉంది. అందులో తప్పు పడితే అనుభవించేది మాత్రం మనం.

మా చిన్నాయన కథ

మా ఇంటి సంగతి ఒకటి చెప్తాను. మా చిన్నాయన రెండు ఫ్యాక్టరీల్లో పని చేసినాడు. వాటి పేర్లు ఎందుకులే, మీకందరికీ ఇట్లాంటివి తెలిసే ఉంటాయి. మొదటి దాంట్లో 1999 నుంచి 2004 దాకా అయిదేళ్ళ చిల్లర. ఆ తర్వాత కొన్నేళ్ళు కూలికి పోయినాడు. 2011లో రెండో దాంట్లో చేరి 2017లో యాభై ఎనిమిదేళ్ళు నిండేదాకా చేసినాడు. ఆరేళ్ళ చిల్లర. రెండూ కలిపితే పదకొండేళ్ళు దాటింది.

పింఛనుకు అర్జీ పెట్టబోతే, "నీకు ఆరేళ్ళ సర్వీసే కనబడతా ఉంది. పదేళ్ళు లేవు. పింఛను రాదు. ఉన్న డబ్బు తీసుకొని పో" అన్నారు. మొదటి ఫ్యాక్టరీ ఖాతా ఏదీ అంటే, అక్కడ పేరు వేరు. తండ్రి పేరు తప్పు. పుట్టిన సంవత్సరం 1959కి బదులు 1957. చేర్చుకున్న రోజు మేస్త్రీ మనిషిని పైనుంచి కిందికి చూసి వయసు రాసినాడు! ఆ రాతతో ఒకే మనిషి కంప్యూటర్ ముందు ఇద్దరయినాడు.

చిన్నాయన నాతో, "పోనీలే నాయినా, ఇచ్చేది తీసుకుందాం. తిరిగేదానికి చార్జీలు దండగ" అన్నాడు. నేను డిగ్రీ చదివినోణ్ణి, పత్రికలో రాసేవాణ్ణి, సీమ హక్కుల కోసం రోడ్డు మీద బైఠాయించినోణ్ణి. మా ఇంట్లో మనిషి హక్కు చేయి జారిపోతుంటే పోనీలే అంటానా?

ట్రంకు పెట్టె దింపితే పాత ఈఎస్ఐ కార్డు దొరికింది, జీతం చీటీలు రెండు దొరికినాయి. అయిదో తరగతి దాకా చదివిన బడి నుంచి సర్టిఫికెట్ తెచ్చినాం. ఫ్యాక్టరీ అప్పటికే చేతులు మారింది. కొత్త యాజమాన్యం మాకు సంబంధం లేదంది. ఈఎస్ఐ కార్డు మీద పేరు, చేరిన తేదీ చూపించి, మళ్ళీ మళ్ళీ పోయి కూర్చుంటే పాత రిజిస్టరు బయటికి తీసినారు. సవరణ పత్రం మీద సంతకం పెట్టినారు. రెండు ఖాతాలు కలిసేసరికి రెండేళ్ళు పట్టింది. ఇప్పుడు నెలకు పదకొండు వందల చిల్లర పింఛను వస్తా ఉంది.

పదకొండు వందలేనా అని నవ్వొద్దు. మందుల ఖర్చుకు కొడుకు ముందు చేయి చాపకుండా ఉండే పదకొండు వందలవి. ఆనాడు ఉన్న డబ్బు చాలని సంతకం పెట్టి ఉంటే అదీ లేదు.

మన డబ్బు ఎట్లా నడుస్తుంది?

తప్పు పట్టాలంటే ముందు లెక్క తెలియాలి. ప్రావిడెంట్ ఫండ్ చట్టం 1952లో వచ్చింది. ఉద్యోగుల పింఛను పథకం 1995 నవంబరు 16 నుంచి మొదలైంది. 2025 నవంబరు 21న కొత్త సామాజిక భద్రతా స్మృతిని అమల్లోకి తెచ్చినారు. చట్టం పేరు మారిందని మీ ఖాతా ఎక్కడికీ పోదు, పాత పొదుపు పాత పొదుపే.

పీఎఫ్‌కు లెక్కగట్టే జీతం 12,000 రూపాయలు అనుకుందాం. అందులో 12 శాతం, అంటే 1,440 మన జీతంలో కోస్తారు. యజమాని కూడా 1,440 వేయాలి. యజమాని వాటాలో 8.33 శాతం, అంటే సుమారు వెయ్యి రూపాయలు పింఛను నిధికి పోతుంది. మిగతా 440 పీఎఫ్‌లో పడుతుంది. అంటే నెలకు 1,880 మన పీఎఫ్ ఖాతాలో, వెయ్యి పింఛను కింద. ఈ పింఛను వాటాకు 2014 సెప్టెంబరు నుంచి 15,000 జీతం దాకానే లెక్క అని పరిమితి పెట్టినారు. ఆ లెక్కన నెలకు 1,250 మించి అందులో పడదు.

పింఛను కావాలంటే పదేళ్ళ సర్వీసు ఉండాలి. ఆరు నెలలు, అంతకు మించిన ముక్కను ఏడాదిగా లెక్కేస్తారు. కాబట్టి తొమ్మిదేళ్ళ ఆరు నెలలు ఉన్నా పదేళ్ళే. తొమ్మిదేళ్ళ అయిదు నెలలు ఉంటే లేదు. రిజిస్టరులో చేరిన తేదీ ఒక్క నెల ఇటు రాస్తే జీవితాంతం వచ్చే పింఛను పోతుంది. ఒక గుమాస్తా కలం జారితే ఒక కుటుంబం జారిపోతుంది. అందుకే ఇది చిన్న విషయం కాదంటున్నాను.

తప్పులు ఎక్కడ పుడతాయి?

మొదటిది పేరు. మనది సరిహద్దు జిల్లా. ఇంటిపేరు ముందు పెట్టుకునే తెలుగు పద్ధతి మనకుంది, తండ్రి పేరులో మొదటి అక్షరం ఇనీషియల్‌గా పెట్టుకునే తమిళ పద్ధతీ ఉంది. ఒకే ఇంట్లో అన్నది ఒక తీరు, తమ్ముడిది ఒక తీరు. మునెప్ప ఒకచోట మునియప్ప అయితాడు, ఇంకోచోట మునిస్వామి అయితాడు. ఊళ్ళో అందరికీ ఆయన ఎవరో తెలుసు. కంప్యూటర్‌కు తెలియదు. పెళ్ళయిన చెల్లెళ్ళకు ఇంకో తిప్పలు. ఆధార్‌లో అత్తగారింటి పేరు, పదో తరగతి సర్టిఫికెట్‌లో పుట్టింటి పేరు, పీఎఫ్‌లో ఏదో ఒకటి.

రెండోది పుట్టిన తేదీ. మా తరానికి ముందువాళ్ళలో సగం మంది జూన్ ఒకటినో, జూలై ఒకటినో పుట్టినవాళ్ళే! బళ్ళో చేర్చిన అయ్యవారు వేసిన తేదీ అది. బడి రికార్డులో ఒకటి, ఆధార్‌లో ఒకటి, కంపెనీలో ఒకటి.

మూడోది చేరిన తేదీ, వదిలిన తేదీ. కంపెనీ వదిలేసి నాలుగేళ్ళయినా వదిలిన తేదీ నమోదు కాదు. అది లేనిదే పాత ఖాతా కొత్తదాంట్లో సరిగ్గా కలవదు.

నాలుగోది రెండు మూడు ఖాతాలు. శ్రీసిటీలో ఆరు నెలలు, కరకంబాడిలో ఒక ఏడాది, రేణిగుంటలో రెండేళ్ళు పనిచేసే తమ్ముళ్ళు మన ఊళ్ళలో ఎంతమంది లేరు? 2014లో యూఏఎన్ అని పన్నెండు అంకెల నంబరు తెచ్చింది ఎందుకంటే, మనిషి ఎన్ని కంపెనీలు మారినా నంబరు ఒకటే ఉండాలని. కొత్త కంపెనీలో పాత నంబరు చెప్పకపోతే వాళ్ళు ఇంకోటి పుట్టిస్తారు. రెండు నంబర్లు, రెండు బతుకులు.

అయిదోది అన్నిటికన్నా ఘోరం. జీతం చీటీలో కోత ఉంటుంది, ఖాతాలో జమ ఉండదు. ఇది తప్పు కాదు మిత్రులారా, దొంగతనం. నేను ఆవేశంతో అంటున్న మాట కాదు. కార్మికుడి జీతంలో కోసిన పీఎఫ్ వాటాను కట్టకుండా వాడుకుంటే నమ్మకద్రోహ నేరమని పాత శిక్షాస్మృతి 405వ సెక్షన్ వివరణలోనే రాసుంది. 2024 జూలై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ న్యాయ సంహితలో అదే మాట 316వ సెక్షన్ కింద ఉంది.

ఔట్‌సోర్సింగ్ అన్నలు, అక్కలు ఇది గట్టిగా గుర్తుపెట్టుకోవాలి. కాంట్రాక్టరు పారిపోయినాడని పెద్ద సంస్థ చేతులు దులుపుకుంటే కుదరదు. కాంట్రాక్టు కార్మికుల పీఎఫ్ బాధ్యత చివరికి అసలు యజమానిదేనని పథకం నిబంధనల్లోనే ఉంది.

నా వృత్తి సంగతి కూడా చెప్పకపోతే తప్పు. ఇరవై మంది, అంతకు మించి పనిచేసే పత్రికా సంస్థలకు పీఎఫ్ చట్టం వర్తిస్తుందని 1955 నాటి వర్కింగ్ జర్నలిస్టుల చట్టంలోనే రాసినారు. మండలాల్లో లైను లెక్కన రాసే విలేకరులకు మాత్రం రికార్డుల్లో ఉద్యోగి అనే పేరే ఉండదు. అందరి అన్యాయం రాసే మాకు మా అన్యాయం రాసుకునే చోటు లేదు.

సరిదిద్దుకునే దారి

ఇప్పుడు పనికొచ్చే మాట. ఒకటొకటిగా చెప్తాను, రాసుకోండి.

ముందు పాస్‌బుక్కు చూడండి. యూఏఎన్‌తో ఫోన్ నంబరు కలిపి ఉంటే 9966044425కు మిస్డ్ కాల్ ఇస్తే చివరి జమ, నిల్వ మెసేజీగా వస్తాయి. అది చాలదు. పాస్‌బుక్కు తెరిచి నెల నెలా జమ చూడాలి. జీతం చీటీలో కోత పక్కన పాస్‌బుక్కులో జమ పెట్టి సరిచూడాలి. లేని నెలలు ఒక కాయితం మీద రాయాలి. ఒక నెల జీతం మీద కట్టాల్సింది యజమాని తర్వాతి నెల 15వ తేదీలోపల కట్టాలి. కాబట్టి మొన్నటి నెలది లేదని అప్పుడే కంగారు పడొద్దు. మూడు నెలలయినా రాకపోతే ఊరుకోవద్దు.

పేరు, పుట్టిన తేదీ వంటివాటికి జాయింట్ డిక్లరేషన్ అనే పద్ధతి ఉంది. అంటే ఉద్యోగి, యజమాని ఇద్దరూ కలిసి ఇది తప్పు, ఇది ఒప్పు అని రాసిచ్చేది. ఏ ఏ వివరాలు ఎట్లా మార్చుకోవాలో 2023 ఆగస్టులో ఒక క్రమం పెట్టినారు. అందులో పేరు, లింగం, పుట్టిన తేదీ, తండ్రి పేరు, బంధుత్వం, పెళ్ళి వివరం, చేరిన తేదీ, వదిలిన తేదీ, వదిలిన కారణం, జాతీయత, ఆధార్ నంబరు, మొత్తం పదకొండు ఉన్నాయి.

2025 జనవరిలో దీన్ని ఇంకా సులువు చేసినారు. 2017 అక్టోబరు 1 తర్వాత యూఏఎన్ వచ్చి, ఆధార్‌తో సరిపోలినవాళ్ళు వీటిలో చాలా వివరాలను యజమాని చుట్టూ తిరగకుండా తామే మార్చుకోవచ్చు. అంతకుముందు నంబరు వచ్చినవాళ్ళకు యజమాని ఆమోదం కావాలి. ఆధార్‌తో కలవని పాత ఖాతాలకు కాయితం మీద అర్జీ, రుజువులు, యజమాని సంతకం అన్నీ కావాలి. మన పెద్దవాళ్ళ ఖాతాల్లో చాలా వాటికి ఈ మూడో దారే.

పుట్టిన తేదీకి రుజువు ఏది? 2024 జనవరిలో ఆ రుజువుల జాబితా నుంచి ఆధార్‌ను తీసేసినారు. కాబట్టి జనన ధ్రువపత్రమో, పదో తరగతి సర్టిఫికెట్టో, బడి రికార్డో వెతుక్కోండి. బడి రికార్డు బూజు పట్టకముందే నకలు తెచ్చుకోండి.

వదిలిన తేదీ కంపెనీ వేయకపోతే, చివరి జమ పడిన రెండు నెలల తర్వాత మనమే ఆన్‌లైన్‌లో వేసుకోవచ్చు. అది తొందరపడి తప్పు వేయొద్దు. మళ్ళీ సరిదిద్దడం కష్టం.

ఖాతా బదిలీ అయినాక పాస్‌బుక్కులో పింఛను గడి ఖాళీగా కనబడితే భయపడొద్దు. పింఛను నిధిలో మనకు పేరుపేరునా వడ్డీ పెరిగే సొమ్ము ఉండదు. సర్వీసు ఎన్నేళ్ళు, జీతం ఎంత అన్నదే లెక్క. ఆ సర్వీసు కొత్త ఖాతాలోకి వచ్చిందా లేదా అన్నది చూసుకోండి.

మరి కంపెనీ మూతపడితే? ఈ ప్రశ్న మన ప్రాంతంలో అడగాల్సిన ప్రశ్న. చిత్తూరు డెయిరీ 2002లో మూతపడింది. చిత్తూరు సహకార చక్కెర ఫ్యాక్టరీ, గాజులమండ్యం సహకార చక్కెర ఫ్యాక్టరీ మన కళ్ళముందే మూతపడినాయి. ఏ ఫ్యాక్టరీ అయినా గేటుకు తాళం పడితే, కార్మికుడి చరిత్ర కూడా లోపలే ఉండిపోతుంది. అట్లాంటప్పుడు సంతకం ఎవరు పెట్టాలి? గెజిటెడ్ అధికారి, పోస్టుమాస్టరు, బ్యాంకు మేనేజరు, పంచాయతీ అధ్యక్షుడు, ఎమ్మెల్యే వంటివాళ్ళు ధ్రువీకరించవచ్చని నిబంధన ఉంది. అంటే మన సర్పంచి సంతకానికి విలువుంది. కానీ రుజువు కాయితం మనమే చూపించాలి. ఈఎస్ఐ కార్డు, నియామక పత్రం, జీతం చీటీ, గుర్తింపు కార్డు, ఏదీ పారేయొద్దు.

అర్జీకి జవాబు రాకపోతే ఏం చేయాలి? ఈపీఎఫ్ సంస్థ ఫిర్యాదుల పోర్టల్‌లో రాయండి, నంబరు తీసుకోండి. 2023 జనవరి నుంచి ప్రతి నెల 27న జిల్లాల్లో నిధి ఆప్కే నికట్ పేరుతో శిబిరం పెట్టే పద్ధతి తెచ్చినారు. అధికారులే జిల్లాకు రావాలన్నది దాని ఉద్దేశం. ఒక్కరు పోతే రేపు రా అంటారు, యాభై మంది పోతే కుర్చీ వేస్తారు. ఇంకా కదలకపోతే సమాచార హక్కు చట్టం ఉంది. పది రూపాయల రుసుముతో, ఫలానా కంపెనీ ఫలానా సంవత్సరం నా పేరున కట్టిన వివరాలు ఇవ్వండి అని అడగండి. ముప్ఫై రోజుల్లో జవాబు చెప్పాలి. పీఎఫ్ సభ్యుడు వినియోగదారుడేనని సుప్రీంకోర్టు 1999లోనే తీర్పు చెప్పింది. వినియోగదారుల కమిషన్ తలుపు కూడా తట్టవచ్చు.

ఒక హెచ్చరిక. సవరణకు, క్లెయిముకు ఈపీఎఫ్ సంస్థ రూపాయి కూడా తీసుకోదు. వచ్చేదాంట్లో పది శాతం ఇస్తే పని చేసి పెడతామనే దళారుల దగ్గరికి పోవద్దు. ఫోన్‌కు వచ్చిన ఓటీపీ ఎవరికీ చెప్పొద్దు. మన కష్టార్జితం తాళంచెవి అది.

సర్కారు ఉద్యోగులకు లేదా ఈ బాధ?

టీచర్లు, ప్రభుత్వ ఉద్యోగులు ఇది ప్రైవేటు వాళ్ళ సంగతే అనుకుంటున్నారేమో. మిస్సింగ్ క్రెడిట్ అనే మాట పుట్టిందే మీ దగ్గర గదా! జిల్లా పరిషత్ పీఎఫ్ గానీ, అకౌంటెంట్ జనరల్ చూసే జీపీఎఫ్ గానీ, ఏటా వచ్చే చీటీలో ఏదో ఒక నెల ఖాళీగా ఉంటుంది. బదిలీ అయిన నెలో, డీఏ బకాయి జమ చేసిన నెలో. చాలామంది ఆ చీటీ చూసి బీరువాలో పెడతారు. రిటైరయ్యే ఏడాది బయటికి తీసి పాత ఆఫీసులన్నీ తిరుగుతారు. అప్పటికి ఆ గుమాస్తా ఉండడు, ఆ బిల్లు పుస్తకం ఉండదు.

చేయాల్సింది ఏంటి? జమ లేని నెల కనబడిన ఏడాదే ఆ నెల జీతం బిల్లు, ట్రెజరీ ఓచర్ నంబరు, తేదీ, మన పేరున్న షెడ్యూలు నకలు డ్రాయింగ్ అధికారి సంతకంతో తీసుకొని పంపాలి. రసీదు ఉంచుకోవాలి. 2004 సెప్టెంబరు 1 తర్వాత చేరి సీపీఎస్‌లో పడినవాళ్ళయితే ఇంకా జాగ్రత్తగా ఉండాలి. వాళ్ళది మార్కెట్‌తో పెరిగే, తరిగే సొమ్ము. జమ ఆలస్యమైతే ఆ కాలంలో పెరగాల్సింది కూడా పోయినట్టే.

2022 జూన్ నెలాఖరులో ఏం జరిగిందో గుర్తుందా? రాష్ట్రంలో వేలాది ఉద్యోగుల జీపీఎఫ్ ఖాతాల్లో జమ అయిన డీఏ బకాయిలు వాళ్ళకు చెప్పకుండానే వెనక్కి పోయినాయి. మొత్తం దాదాపు 800 కోట్లని సంఘాల నాయకులు అన్నారు. సాంకేతిక పొరపాటు అని అధికారులు అన్నారు. దాని రాజకీయం పక్కన పెడదాం. అది బయటపడింది ఎట్లా? ఉద్యోగులు తమ ఖాతా వివరాలు చూసుకున్నందుకే. చూసుకోకపోతే పోయిందని కూడా తెలిసేది కాదు. చూపే మొదటి కాపలా.

ఉద్యమానికి దీనికి సంబంధమేంటి?

ఇప్పుడు ఆ పెద్దాయన ప్రశ్నకు వస్తాను.

సీమ చరిత్ర అంతా ఒక మిస్సింగ్ క్రెడిట్. 1937 నవంబరు 16న మద్రాసులో శ్రీబాగ్ ఒప్పందం రాసుకున్నారు. రాజధానో, హైకోర్టో, ఏది కావాలో సీమ వాళ్ళే కోరుకోవచ్చన్నారు. కృష్ణ, తుంగభద్ర, పెన్న నీళ్ళలో ముందు వాటా సీమకన్నారు. 1953 అక్టోబరు 1న కర్నూలు రాజధాని అయింది. మూడేళ్ళు తిరగ్గానే 1956లో హైదరాబాదుకు పోయింది. 2014లో రాష్ట్రం విడిపోతే రాజధాని అమరావతి అన్నారు. 2019 జనవరి 1 నుంచి హైకోర్టూ అక్కడే. కోత మన దగ్గర, జమ ఇంకో చోట. శ్రీబాగ్ కాయితం ఉంది, ఖాతాలో జమ లేదు.

ఆఫీసుల దూరం కూడా ఆలోచించండి. చంద్రగిరి కార్మికుడి పాత పీఎఫ్ నంబరు ఏపీ, సీడీపీ అని మొదలవుతుంది. సీడీపీ అంటే కడప. ఆ ప్రాంతీయ కార్యాలయానికి ఇక్కడి నుంచి సుమారు 140 కిలోమీటర్లు. ఒక సంతకానికి పోతే ఒక రోజు కూలి, బస్సు చార్జీ పోతాయి. టీచర్ల జీపీఎఫ్ లెక్కకు ఒకప్పుడు హైదరాబాదు, ఇప్పుడు విజయవాడ. ఆఫీసు దూరమయ్యేకొద్దీ పేదవాడి తప్పు సరికాకుండా ఉండిపోతుంది. పాలన దగ్గరికి రావాలని మనం అడిగేది అందుకే.

అయితే ఒక నిజం కూడా చెప్పాలి. చెప్పకపోతే నేను మోసం చేసినట్టు. రేపు సీమ రాష్ట్రం వచ్చినా ఈపీఎఫ్ కేంద్రం చేతిలోదే. మన రాష్ట్రంలో మన ముఖ్యమంత్రి కూర్చున్నా, మునెప్ప పేరు మునియప్పగానే ఉంటుంది, మునెప్ప పోయి మార్చుకునేదాకా. మన సీమ కాంట్రాక్టరే మన సీమ కార్మికుడి పీఎఫ్ మింగితే అప్పుడు ఎవరిని తిడతాం? జెండా మారినంత మాత్రాన లెక్క మారదు. లెక్క అడిగే అలవాటున్న జనమే రాష్ట్రాన్ని తెచ్చుకోగలరు, తెచ్చుకున్నాక కాపాడుకోగలరు. సొంత పాస్‌బుక్కు లెక్క అడగలేనివాడు కృష్ణా జలాల లెక్క ఏం అడుగుతాడు?

కాబట్టి ఒక పని పెట్టుకుందాం. విద్యార్థి మిత్రులారా, మీకు ఫోన్ తెలుసు, ఇంగ్లీషు తెలుసు, దరఖాస్తు నింపడం తెలుసు. ఆదివారం పూట ఒక ఊళ్ళో రచ్చబండ దగ్గర కూర్చోండి. కార్మికుల పాస్‌బుక్కులు వాళ్ళ ముందే, వాళ్ళ ఫోన్‌లోనే తెరిచి చూపించండి. తప్పులుంటే ఒక కాయితం మీద రాసివ్వండి. నంబర్లు మీరు ఉంచుకోవద్దు. ఉద్యోగ సంఘాల మిత్రులారా, రిటైరైన గుమాస్తాలు, ట్రెజరీలో పనిచేసినవాళ్ళు మీలో ఉన్నారు. ఓచర్ నంబరు ఎక్కడ దొరుకుతుందో వాళ్ళకు తెలిసినంత ఎవరికీ తెలియదు. ఆ తెలివిని ఊరికి పంచండి. ఒకే కంపెనీలో పదిమంది తప్పులు బయటపడితే పది అర్జీలు విడివిడిగా రాసి, పదిమందీ కలిసి పోండి. కలిసి పోవడమే ఉద్యమం.

చివరిగా మా చిన్నాయన మాట చెప్పి ముగిస్తాను. మొదటి పింఛను పడిన రోజు బ్యాంకు నుంచి వచ్చి, పుస్తకం నా చేతిలో పెట్టి, "డబ్బు సంగతి అట్లుండనీ నాయినా, ఆ అయిదేళ్ళు నేను పనిచేసినానని ఒప్పుకున్నారు గదా, అది చాలు" అన్నాడు.

మనం అడిగేది కూడా అంతే. మేం కష్టపడినామని, త్యాగం చేసినామని, మాకు బాకీ ఉందని ఒప్పుకోమంటున్నాం. ఆ బాకీ లెక్క మన చేతిలో ఉంచుకుందాం. ఈ రాత్రి ఇంటికి పోయినాక ముందు మీ పాస్‌బుక్కు తెరవండి.

జై రాయలసీమ!